ఎడమ చెయ్యి ఊగని నడక

మొదటి రోజు

ఉదయం ప్రార్థన అయింది. ఈశాన్యం గాలి. నీరు గట్టుకి మూడు మెట్ల కింద ఉంది.

ఇంటికి పెద్దది ఇంటి పుస్తకం రాయాలని మా ఏడో గట్టు మీద ఆచారం. గాలి, నీరు, ఎవరు ఎటు వెళ్లారు, ఎవరికి ఒంట్లో బాగాలేదు. అమ్మ పోయినప్పటి నుంచి, అంటే ముప్పై అయిదేళ్లుగా, నేనే రాస్తున్నాను. రోజుకి రెండు వరుసలు దాటిన సందర్భాలు తక్కువ.

ఇవాళ దాటాలి. దారి మా చెల్లెల్ని గుర్తుపట్టలేదు.

కెజియా నా కంటే పదకొండేళ్లు చిన్నది. దానికి చిన్నప్పటి నుంచి మూర్ఛ ఉంది. పొద్దున్నే మాత్రల కోసం వెళ్లింది. కుచ్చిళ్లు పిక్కల దాకా ఎత్తి దోపుకుని దారిలో ముప్పై అడుగులూ నడిచింది. దారి ఆ నడకని గుర్తుపట్టి చివర పేరు పలకాలి, తలుపు తెరుచుకోవాలి. పేరుకి బదులు "తెలియదు" అని వినబడిందట. మళ్లీ నడిచింది. మళ్లీ అదే.

దారి పక్క గదిలో కాపలా ఉండే సింహాద్రికి మనుషుల పాదాలే కనబడతాయి. గోడకి కింద జానెడు కిటికీ తప్ప మరోటి లేదు. ముఖం చూసి ఎవర్నీ లోపలికి పంపకూడదని అలా కట్టారు. ముఖాలూ గొంతులూ వేలిముద్రలూ ఎవరివి ఎవరైనా తయారుచేసుకోవడం మొదలయ్యాక మిగిలింది నడక ఒక్కటే.

"ఆయ్, చలికి కాళ్లు బిగుసుకుపోయుంటాయండి. రేపు రండి," అన్నాడట సింహాద్రి.

కెజియా నవ్వుతూ చెప్పింది. నాకు నవ్వు రాలేదు.

రెండో రోజు

గాలి అదే. తెలియదు.

నాలుగో రోజు

తెలియదు.

ఇది ఎందుకు జరిగిందో నాకు తెలుసు. రాయడం ఆలస్యం చేశాను.

కెజియా సినిమాలు తీస్తుంది. వాటిలో కథ ఉండదు, ముఖం ఉండదు, మాట ఉండదు. ఒక మడమ. ఒక వెన్ను. మెట్టు దిగే మోకాలు. ఉప్పు కొట్టు తెల్లగోడ మీద వేస్తే గట్టు మీదివాళ్లు వచ్చి కూర్చుంటారు. "మనిషెక్కడే?" అని అడుగుతారు. "ఇదే మనిషి" అంటుంది.

మూడేళ్లుగా ఒకటే సినిమా తీసింది. గట్టు మీది ఇరవయ్యారు మంది నడకలు ఒక్కొక్కటిగా తన ఒంట్లోకి తెచ్చుకుంది. కెమెరాని రాయి మీద పెట్టుకుని, వాళ్లలా నడిచి, తనని తానే తీసుకుంది. "నడకే మనిషంటున్నారు కదక్కా. మరి వాళ్ల నడక నడుస్తున్నంతసేపూ నేనెవర్ని?" అని అడిగేది. నేను చేపలు తోముతూ వినేదాన్ని.

పక్కింటి బంగారమ్మ పిన్ని తన నడకని గోడ మీద చూసుకుని, "ఓసి నీ దుంపతెగ, నా నడుం నొప్పి ఎప్పుడెత్తుకెళ్లావే? నీ దగ్గరే ఉంచుకో, తిరిగివ్వకు," అంది. అందరూ పడీపడీ నవ్వారు.

ఒక్కో నడకా అయ్యాక తిరిగి రావడానికి ఒక పద్ధతి ఉంది. గట్టు అంచు ఇరుకు, బురద జారుతుంది. చిన్నప్పుడు నేను ముందు నడిస్తే, నా అడుగుల్లో అడుగేస్తూ అది వెనక వచ్చేది. చిన్న కాళ్లు, పెద్ద అంగలు. దాని నడక అలా పుట్టింది. అందుకని ఎవరి నడక తెచ్చుకున్నా, పని అయ్యాక ఒక గంట నా వెనక నడిచేది. తనది తనకి వచ్చేసేది.

ఇరవయ్యారోది నా నడక. దానికి మిగతావాళ్లవి వారం పది రోజుల్లో పట్టుబడ్డాయి. నాది నాలుగు నెలలు పట్టింది. అయిపోయాక అలవాటు ప్రకారం నా వెనక నడిచింది. నన్ను అందుకోవాల్సిన అడుగు నాతో సమానంగా పడింది. తిరిగి రావడానికి ఉన్న ఒక్క తోవ నేను. ఆ నన్నే నేర్చుకుంది. ఈ సంగతి ఇద్దరికీ ముందు తోచలేదు.

నలభై రోజులు దారి పలకని పేరుని మూసేస్తారు. మూసిన పేరుకి నీళ్లుండవు, మాత్రలుండవు. పడవ ఎక్కించి గట్ల అవతలికి పంపేస్తారు. అవతలికి వెళ్లినవాళ్లు తిరిగి రావడం నేను చూడలేదు.

ప్రభువా, ముప్పై ఆరు రోజులున్నాయి.

ఆరో రోజు

డాక్టరు దగ్గరికి వెళ్లాం. కాలు విరిగితేనో, పక్షవాతం వస్తేనో ఆయన కాగితం రాస్తాడు, దారి ఆ కొత్త నడకని ఒప్పుకుంటుంది. కెజియాని అటూ ఇటూ నడిపించి చూశాడు. ఎముకలో లోపం లేదు, నరంలో లోపం లేదు అన్నాడు.

"లోపం లేదని రాసివ్వగలనమ్మా. దానివల్ల మీకేం లాభం?"

నా మోకాలు పదేళ్లుగా అరిగింది. ఏనాడూ కాగితం అవసరం పడలేదు. మెల్లగా మారే నడకని దారి రోజూ కొంచెం కొంచెం నేర్చుకుంటుంది. ఒక్కసారిగా మారితే ఒప్పుకోదు.

వచ్చేటప్పుడు అడిగాను. "నీ సొంత నడక తీసినది ఒక్క ముక్కయినా లేదా?"

"లేదక్కా."

"ఇన్నేళ్లలో?"

"నాది నా దగ్గరే ఉంది కదా అనుకున్నాను."

దారి దాచుకున్న దాని పాత నడక పెద్ద గట్టు మీద ఆఫీసులో ఉంటుంది. చూపించరు. చూస్తే నేర్చుకుంటారని భయం.

తొమ్మిదో రోజు

"తొందరగా నడుస్తావు," అని చెప్పాను. "పాదం బయటి అంచు ముందు ఆనుతుంది. మూడో అడుగుకి చిన్న గెంతు. ఎడమ చెయ్యి ఊగదు."

"ఎందుకూగదు?"

"ఏమో. ఊగదు."

నడిచింది. కీలుబొమ్మలా ఉంది. మళ్లీ నడిచింది. అన్నీ చెప్పినట్టే చేసింది, ఒక్కటీ దానిది కాదు. నోటితో చెబితే ఒళ్లు వినదు.

పద్నాలుగో రోజు

నీరు నాలుగు మెట్ల కింద. తెలియదు.

ఈ రోజు నుంచి మాత్ర సగమే వేసుకుంటోంది. నా నీళ్లే ఇద్దరికీ. అన్నం వార్చకుండా అత్తెసరు పెడుతున్నాను.

పద్దెనిమిదో రోజు

బంగారమ్మ పిన్ని ఒక ఉపాయం చెప్పింది.

"కుక్కని ఉసిగొల్పుదాం. ప్రాణం మీదికొస్తే ఎవరి పరుగు వాళ్లకే వస్తుంది. నా పరుగు నేను మర్చిపోయానా? మొన్న ఎద్దు తరిమితే పదహారేళ్ల పిల్లలా ఉరికాను."

"ఉరికి?"

"కాలవలో పడ్డాను. అది వేరే సంగతి."

పిన్ని కుక్క ముసలిదే కానీ అరుపు గట్టిది. కెజియా ఉప్పు మడుల వైపు వెళ్తుంటే వెనక నుంచి వదిలింది. కెజియా ఉలిక్కిపడి పరిగెత్తింది. కుడిచేత్తో మోకాలు పట్టుకుని, ఒక పక్కకి ఒరుగుతూ, నాలా పరిగెత్తింది. దాని మోకాలికి ఏ జబ్బూ లేదు.

పిన్ని నవ్వడం ఆపేసింది. కుక్కని పిలిచేసింది.

"దొర్కా," అంది నాతో. "అది నువ్వేనే."

ఇరవై రెండో రోజు

తెలియదు.

రోజుకి రెండు పూటలా నా వెనక నడిపిస్తున్నాను. వేరే దారి తోచక. ఆ పద్ధతి ఇరవయ్యయిదు సార్లు పనిచేసింది కదా అని.

ప్రార్థనలో ఇంట్లోవాళ్ల పేర్లు చెప్పడం అమ్మ అలవాటు. ఆ అలవాటే నాదీ. దొర్కా, కెజియా అని. ఇవాళ రెండో పేరు చెప్పకుండానే ఆమెన్ అన్నాను.

ఇరవై ఏడో రోజు

దారి పలికింది.

కెజియా గుమ్మం దగ్గర నీళ్ల బిందెతో నిలబడింది. ముఖంలో రక్తం లేదు.

"పలికిందా?"

"పలికిందక్కా. దొర్కా అంది."

నేను కూర్చున్నాను. నా వెనక నడిపించీ నడిపించీ దాన్ని పూర్తిగా నన్ను చేసేశాను.

"సింహాద్రి ఏమన్నాడు?"

"మామూలుగానే మాట్లాడాడు. 'ఆయ్, దొర్కమ్మగారూ, నీళ్లు తీసుకెళ్లండి. ఇవాళ్టికి మళ్లీ రాకండి. ఒక పేరు ఒకే రోజు రెండుసార్లు పలికితే పెద్ద గట్టు నుంచి మనుషులొస్తారు. ఇద్దర్నీ పడవెక్కిస్తారు' అన్నాడు."

"ఇద్దర్నీ అన్నాడా?"

"అన్నాడు."

ఇరవయ్యేళ్లుగా మా పాదాలు చూస్తున్నాడు. నా మడమల పగుళ్లు, ఉప్పుకి నల్లబడిన నా బొటనవేలి గోరు అతనికి తెలియకపోవు.

ఇరవై ఎనిమిదో రోజు

నా వెనక నడవడం మానిపించాను. ఇంట్లో కూడా దానికి ఎదురుగా నడవడం లేదు. కూర్చునే పని చేసుకుంటున్నాను. నీళ్లకి అదే వెళ్తోంది, నా పేరు మీద.

ముప్పయ్యో రోజు

మాత్రలు నిన్నటితో అయిపోయాయి.

మధ్యాహ్నం బియ్యం ఏరుతూ పడిపోయింది. పళ్లు గిట్టకరుచుకున్నాయి. ఒక పక్కకి తిప్పి పట్టుకున్నాను. దాని ఒళ్లు కొట్టుకుంటున్నంతసేపూ దాని ఒళ్లే. ఆ కొట్టుకోవడం నాది కాదు, బంగారమ్మ పిన్నిది కాదు. ఎనిమిదేళ్ల వయసులో ఎలా కొట్టుకుందో అలాగే. అది చూసి నాకు సంతోషం లాంటిది కలిగింది. అందుకు దేవుణ్ని క్షమాపణ అడిగాను.

లేచాక నాలిక తడబడుతూ, "ఎవర్నక్కా నేను?" అంది. మూర్ఛ తర్వాత ఎప్పుడూ అడిగేదే. ఎప్పుడూ వెంటనే చెప్పేదాన్ని.

ఇవాళా చెప్పాను. కాసేపు పట్టింది.

ముప్పై ఒకటో రోజు

రాత్రంతా ఆలోచించి పొద్దున్నే చెప్పాను.

"దారి నిన్ను దొర్కా అంటోంది కదా. ఉండనీ. నా పేరు నువ్వు ఉంచుకో. నలభయ్యో రోజున పడవ నేనెక్కుతాను. యాభై నాలుగేళ్లు బతికాను, చాలు."

కెజియా పీట విసిరేసింది. చిన్నప్పుడు కూడా అలా చెయ్యలేదు.

"నీ పేరుకి మాత్రలున్నాయా?"

నేను పీట తీసి గోడకి ఆనించాను.

"చెప్పు. దొర్కాకి మూర్ఛ ఉందా? మాత్రలు కెజియాకి. కెజియా పేరు మూసేస్తే నీ పేరుతో నీళ్లు తాగుతూ చస్తాను. నువ్వు పడవలో, నేనిక్కడ. బాగా ఆలోచించావే, పెద్దదానివి!"

నిజమే. నా ప్రాణం ఇచ్చినా దానికి సరిపోదు. ఇంత నిస్సహాయంగా నేనెప్పుడూ ప్రార్థన చెయ్యలేదు. మోకాలు వంగక గోడకి ఆనుకుని చేశాను.  

ముప్పై నాలుగో రోజు

గాలి లేదు. నీరు కదలడం లేదు.

నోటితో చెబితే రావడం లేదని నేనే నడిచి చూపించాను. "ఇలాగే నువ్వు" అంటూ గట్టు అంచున పది అడుగులు. తొందర, బయటి అంచు, మూడో అడుగుకి గెంతు. గెంతినప్పుడు మోకాల్లో నిప్పు పడింది.

వెనక దూరం నుంచి కేక వినబడింది.

"కెజీ! ఓ కెజీ! అక్క ఇంట్లో ఉందా? ఉప్పు గమేళా కావాలని చెప్పు!"

బంగారమ్మ పిన్ని. తిరిగి చూశాను. నెత్తి మీద తట్టతో నిలబడిపోయింది.

"దొర్కా? నువ్వా! వెనక నుంచి చూసి చిన్నదే అనుకున్నా. ఇదేం చోద్యమే, ఇంట్లో ఎవరెవరో తెలియకుండా చేస్తున్నారు!"

కెజియా ఎదురుగా ఉంది. నా వైపు చూస్తూ ఉంది. 

తర్వాత మెల్లగా, "అక్కా. నేను నీ దగ్గర ఉన్నాను," అంది.

ముప్పై అయిదో రోజు

పని మొదలుపెట్టాం. దారికి అది దొర్కా అయింది కాబట్టి నేను కెజియా అవ్వాలి. అది చెబుతుంది, నేను నడుస్తాను. ఇరవయ్యారు నడకలు నేర్చుకున్న మనిషి. ఎక్కడ చూడాలో దానికి తెలుసు.

"కాళ్లు చూసుకోకు, నడుం చూసుకో. బరువు ఎక్కడుంది?"

"ముందు."

"ముందుకెందుకు పడుతోంది?"

"తెలీదే."

"ఆ ఎడమ చెయ్యి బిగబట్టకక్కా. ఊగకుండా ఆపుతున్నావు. అది ఆపిన చెయ్యి కాదు. ఏదో చేస్తున్న చెయ్యి."

ఏదో చేస్తున్న చెయ్యి. మధ్యాహ్నం ఎండలో అక్కడే నిలబడ్డాను. చెయ్యి కొంచెం ముందుకి, నడుం ఎత్తులో, వేళ్లు ముడుచుకుని. ఆ వేళ్ల మధ్య ఖాళీ చూశాను. అప్పుడు తెలిసింది.

"కెజీ, నువ్వు ముందు నడు. నాలా."

నడిచింది. నాలాగే, కుడికి ఒరుగుతూ, నిదానంగా. నేను వెనక చేరి, ఎడమ చేత్తో దాని కొంగు చివర పట్టుకున్నాను.

దాని అడుగుజాడలో నా అడుగు వేశాను. అందలేదు. మూడోసారికి గెంతాను. కొంగు వదలకూడదు, వదిలితే బురదలో పడతాను. పాదం బయటి అంచు దానంతట అదే ఆనింది.

కెజియా నడుస్తూనే ఏడ్చింది. వెనక్కి తిరగలేదు. నేనూ దాన్ని నడిపించేటప్పుడు వెనక్కి తిరిగేదాన్ని కాదు. కొంగు బిగువు చాలేది, ఉందని తెలియడానికి.

ముప్పై ఏడో రోజు

మోకాలు కుండలా వాచింది. పట్టీ కడితే నడక మారుతుందని కట్టనివ్వలేదు కెజియా. ఆముదం ఆకు వేడి చేసి నడక అయ్యాక వేస్తోంది.

నిన్న దానికి మళ్లీ మూర్ఛ వచ్చింది. తల మెట్టుకి తగిలింది.

ప్రభువా, ఇది అబద్ధమా? కాళ్లతో చెప్పే అబద్ధం నాకు కొత్త. సాక్ష్యం చెప్పమంటే పూర్తిగా నిజమే చెబుతాను. ఈ నడక కెజియాదే. నడిచేది నేను. అంతవరకు నిజం.

ముప్పై ఎనిమిదో రోజు

మొదటిసారి దారిలో నడిచాను. అది కాస్త ఆగి నా పేరు మీద నీళ్లకి వెళ్లాలని అనుకున్నాం.

తెలియదు.

బయటికి వచ్చి గోడకి ఆనుకున్నాను. ఇదివరకు నాకు ఆ మాట ఎప్పుడూ వినబడలేదు. ఇప్పుడు నేను దొర్కాని కాను, కెజియానీ కాను. చెల్లెలు ఇరవయ్యారు రోజులు ఈ మాట విని, ఇంటికొచ్చి, గిన్నెలు కడిగింది.

ముప్పై తొమ్మిదో రోజు

తెలియదు.

సింహాద్రి కిటికీ లోంచి, "తొందరపడాలండి," అన్నాడు. మామూలుగా "తొందర లేదండి" అంటాడు. మళ్లీ అన్నాడు. "కొంచెం తొందరపడాలండి. చివర్లో నెమ్మదవుతోంది."

సాయంత్రం దాకా కెజియా కొంగు పట్టుకుని నడిచాను. చివరి పది అడుగులు అది కావాలని వేగం పెంచింది. దాదాపు లాక్కెళ్లింది. "రావే, రావే," అంటూ. చిన్నప్పుడు నేను అన్నట్టే, అదే విసుగుతో.

నలభయ్యో రోజు

ప్రార్థన చేశాం. పేర్లు చెప్పలేదు.

కుచ్చిళ్లు దోపుకున్నాను. దారి లోపల చల్లగా ఉంటుంది, రెండు పక్కలా దాని కళ్లు. నా ముందు ఎవరూ లేరు. అయినా ఎడమ చెయ్యి ముందుకి పెట్టాను. ముందు ఒక పందొమ్మిదేళ్ల పిల్ల నడుస్తోంది అనుకున్నాను. అమ్మ పోయిన ఏడాది పిల్ల. దానికి ఏమీ తెలియదు, తెలిసినట్టు నడుస్తోంది. వెనక్కి చూడదు. చూస్తే తన భయం చెల్లెలికి కనబడుతుందని. నేను దాని కొంగు పట్టుకున్నాను. వదిలెయ్యకే అక్కా అని లోపల అనుకున్నాను. అలా అనుకున్నది దొర్కా కాదు.

ఇరవయ్యో అడుగు దగ్గర మోకాల్లో ఏదో తెగినట్టయింది. గెంతాను. ముప్పై.

"కెజియా," అంది దారి.

తలుపు తెరుచుకుంది. బల్ల మీదికి మాత్రల పొట్లం జారింది.

కింద కిటికీ లోంచి సింహాద్రి గొంతు. "ఆయ్, కెజియమ్మగారూ, మాత్రలు జాగ్రత్తండి." గొంతు తగ్గించాడు. "మోకాలు కూడా జాగ్రత్తండి."

కెజియాకి మోకాలు నొప్పి లేదు. అతనికీ తెలుసు.

నేను బయటపడ్డాక కెజియా లోపలికి వెళ్లింది. దారి దాన్ని దొర్కా అంది. నీళ్లు ఇచ్చింది. ఇంటికి ఒకరి వెనక ఒకరం వచ్చాం.

యాభై ఎనిమిదో రోజు

దక్షిణం గాలి. నీరు రెండు మెట్ల కింద.

మూర్ఛ మళ్లీ రాలేదు. నా మోకాలు ఇక బాగుపడదని డాక్టరు చెప్పాడు. ఆయన పుస్తకంలో అది కెజియా మోకాలు. నడక ఒక్కసారిగా కాకుండా మెల్లగా మారితే దారి ఒప్పుకుంటుంది కాబట్టి, రోజుకి వెంట్రుకంత నెమ్మది అవుతున్నాను. కెజియా రోజుకి వెంట్రుకంత నిటారు అవుతోంది. ఎవరిది వాళ్లకి మాత్రం ఎప్పటికీ రాదు. ఒకవేళ వచ్చినా ఏది ఎవరిదో చెప్పలేం.

కెమెరా వాడే అనుమతి కెజియా పేరు మీద ఉంది. అంటే నా మీద. కెమెరాని నేనే మోసుకెళ్లి, చెప్పిన చోట రాయి మీద పెట్టాను. ఏది నొక్కాలో కెజియా చూపించింది. తర్వాత కెమెరా ముందు నడిచాను, గట్టు అంచున, ఒక్కదాన్నే.

నిన్న ఉప్పు కొట్టు గోడ మీద వేశాం. మేమిద్దరం, బంగారమ్మ పిన్ని. 

గోడ మీద పాదాలు వచ్చాయి. నడుం. ముందుకి చాచిన ఎడమ చెయ్యి.

కెజియా మూడుసార్లు చూసింది. దాని నడకని అది చూడడం అదే మొదలు.

"ఇంత భయంగా నడిచేదాన్నా అక్కా?"

"భయం కాదే. నన్ను అందుకోవాలని."

"అందుకున్నానా?"

 గోడ మీద ఆ చెయ్యి ఇంకా ముందుకి చాచి ఉంది, ఖాళీగా. చీకట్లో నా కొంగు బిగిసింది. ఎవరో చివర పట్టుకున్నారు. నేను వెనక్కి తిరగలేదు.